వెలుతురు ఎక్కడి నుంచి వస్తోంది?

బ్రిటిష్ ఛాయాగ్రాహకుడు రోజర్ డీకిన్స్‌కు 16 సార్లు ఆస్కార్ నామినేషన్ వచ్చింది. రెండుసార్లు గెలిచారు. అంతటి మనిషి తన వెబ్‌సైట్‌లో, ముక్కూమొహం తెలియని విద్యార్థుల ప్రశ్నలకు స్వయంగా జవాబులు రాస్తూ వచ్చారు. ఫలానా సీన్లో కిటికీ బయట ఏ లైటు పెట్టారు, మధ్యలో ఏ గుడ్డ కట్టారు, బల్ల మీది దీపంలో ఎలాంటి బల్బు వేశారు అని అడిగితే చెబుతారు. కొన్ని సీన్లకు లైటింగ్ పటాలు గీసి మరీ చూపించారు. 2020లో భార్య జేమ్స్ డీకిన్స్‌తో కలిసి పాడ్‌కాస్ట్ మొదలుపెట్టి, సినిమాలో ఒక్కో శాఖవాళ్లనూ కూర్చోబెట్టి పని గురించి మాట్లాడిస్తున్నారు. వృత్తి రహస్యాన్ని గుప్పిట్లో దాచుకోవాలన్న ఆలోచన ఆయనలో ఎక్కడా కనిపించదు.

మన దగ్గర ‘మాయాబజార్’ (1957) ఉంది. అందులో లాహిరి లాహిరి పాటలోని వెన్నెలను చూసి తెలుగువాళ్లు మూడు తరాలుగా మురిసిపోతున్నారు. ఆ వెన్నెల ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లే చేతి పని. ‘స్వర్గసీమ’, ‘పాతాళభైరవి’, ‘మిస్సమ్మ’, ‘గుండమ్మ కథ’ తీసిన చెయ్యి అది. అయితే ఆ వెన్నెలను ఏ దీపంతో, ఏ కోణంలో, ఎంత ఎక్స్‌పోజర్‌తో పట్టుకున్నారో మన ఫిల్మ్ స్కూలు పిల్లలకు పాఠంగా చెప్పే పుస్తకం లేదు. ఆయన గొప్పతనం కథలుగా మిగిలింది, పద్ధతి మిగల్లేదు. డీకిన్స్ పనిని దగ్గరగా చూసినకొద్దీ నాకు ఈ తేడాయే ముందు కనిపిస్తోంది. కన్నులోగానీ ప్రతిభలోగానీ మనం వెనకబడలేదు. ఆలోచించడానికి పెట్టే సమయంలోనూ, ఆలోచించినదాన్ని రాసి పదిమందికి పంచడంలోనూ వెనకబడ్డాం.

డీకిన్స్ 1949లో ఇంగ్లండ్‌లోని డెవన్ ప్రాంతంలో, సముద్రతీర పట్టణం టార్కీలో పుట్టారు. బాత్ నగరంలో గ్రాఫిక్ డిజైన్ చదివారు. అప్పుడే తెరిచిన నేషనల్ ఫిల్మ్ స్కూలుకు దరఖాస్తు చేస్తే తీసుకోలేదు. ఆ ఏడాది ఆయన ఉత్తర డెవన్ పల్లెల్లో తిరుగుతూ, అక్కడి రైతులను, సంతలను, వానకు తడిసిన దారులను నలుపు తెలుపుల్లో ఫొటోలు తీశారు. మరుసటి ఏడాది స్కూల్లో చోటు దొరికింది. ఆ పల్లె ఫొటోలలో కొన్ని 2021లో ‘బైవేస్’ అనే పుస్తకంగా వచ్చాయి. తర్వాత డాక్యుమెంటరీలు. ప్రపంచాన్ని చుట్టివచ్చే పడవ పందెంలో నెలల తరబడి పడవ మీదే ఉండి చిత్రీకరించారు. యుద్ధం నడుస్తున్న ఎరిట్రియాకూ కెమెరా పట్టుకుని వెళ్లారు. అలాంటి చోట్ల లైటు పెట్టే వీలుండదు. ఉన్న వెలుతురు ఎటునుంచి పడుతోందో చూసుకుని, మనిషే తగిన చోట నిలబడాలి.

ఆయన శైలికి పునాది అక్కడే పడిందని నేను నమ్ముతాను. కథా చిత్రాల్లోకి వచ్చాక కూడా, ఈ గదిలో ఈ వేళకు వెలుతురు ఎక్కడి నుంచి వస్తుందన్నదే ఆయన మొదటి ప్రశ్న. కిటికీ, లాంతరు, వీధి దీపం, టీవీ తెర, మండుతున్న ఇల్లు, ఏదో ఒకటి కథలోనే ఉండాలి. దాన్ని నమ్ముకుని మిగతా వెలుతురు అంతా పేర్చుకుంటారు. ‘ది అసాసినేషన్ ఆఫ్ జెస్సీ జేమ్స్’ (2007)లో రైలు దోపిడీ సీను ఉంది. అమావాస్య లాంటి చీకటి. దొంగల చేతుల్లో లాంతర్లు. దూరం నుంచి వస్తున్న రైలింజను ముందు దీపం. చెట్ల మధ్య నుంచి ఆ వెలుగు కదులుతూ వస్తుంటే చెట్ల నీడలు ముసుగు వేసుకున్న మనుషుల మీదుగా జరిగిపోతాయి. ఆకాశం నుంచి నీలం రంగు ‘సినిమా వెన్నెల’ పోయలేదు. చీకటిని చీకటిగానే వదిలేశారు. భయమంతా అందులోనే ఉంది.

మన సెట్లో ఇదే సీను తీస్తే ఏం జరుగుతుంది? ముందు క్రేను మీద పెద్ద లైటు ఎక్కుతుంది. వెనక పొగ వేస్తారు. హీరో జుట్టు అంచు మెరవడానికి బ్యాక్‌లైటు, ముఖం కనబడటానికి ముందునుంచి ఒక మెత్తటి లైటు వస్తాయి. ఇందులో ప్రతి అడుగుకూ ఏదో ఒక కారణం ఉంది, అది తెలివితక్కువతనం కాదు. మన సినిమా వ్యాపారం నటుడి ముఖం చుట్టూ అల్లుకుంది. డబ్బులిచ్చి వచ్చినవాడికి ఆ ముఖం కనబడాలి. ‘స్కైఫాల్’ (2012)లో షాంఘై అద్దాల మేడ మీద జరిగే కొట్లాటను చూడండి. వెనక నీలంగా కదిలే ప్రకటన తెరలు, ముందు రెండు నల్లని ఆకారాలు. అందులో ఒకడు జేమ్స్ బాండ్. అంత ఖరీదైన కథానాయకుడి ముఖం ఆ కొట్లాటలో దాదాపు కనబడదు. అలా తీయడానికి కెమెరామన్‌కు ధైర్యం ఉంటే చాలదు. దర్శకుడు శామ్ మెండిస్, నిర్మాతలు, ఆ నటుడు కూడా ఒప్పుకోవాలి. మన దగ్గర ఈ సంభాషణ కథా చర్చల నాడే జరగాలి. షూటింగ్ రోజు మానిటర్ ముందు గుమిగూడి ‘కొంచెం ఫేస్ లైట్ పెంచండి’ అన్నప్పుడు మొదలుపెడితే ఆలస్యమైపోయినట్టే.

ఇంకో కారణం మన సినిమా హాళ్లలో ఉంది, దీని గురించి మాట్లాడేవాళ్లు తక్కువ. డిజిటల్ ప్రదర్శనకు తెర మీద వెలుగు 14 ఫుట్‌లాంబర్ట్‌లు ఉండాలని అంతర్జాతీయ ప్రమాణం. ప్రొజెక్టర్ దీపం పాతబడినా మార్చకుండా నెట్టుకొచ్చే హాళ్లు మనకు తెలియనివి కావు. అలాంటి తెర మీద డీకిన్స్ చీకటి పడితే అందులో లాంతరూ కనబడదు, మనిషీ కనబడడు, బూడిద రంగు మురికి ఒకటే మిగులుతుంది. ఈ భయంతోనే మన కెమెరామెన్ ఒక స్టాప్ ఎక్కువ వెలుగు పెట్టి తీస్తారు. కాబట్టి చీకటిని నమ్మే ఛాయాగ్రహణం కావాలంటే సంస్కరణ సెట్టు మీద మొదలుపెడితే చాలదు, ప్రొజెక్షన్ గది దాకా వెళ్లాలి. పెద్ద సినిమా విడుదలకు ముందు హాలులో సౌండు సరిచూసుకునే అలవాటు మనకు ఉంది. తెర వెలుగును కొలిచే మీటరు కూడా అదే మనిషి చేతిలో ఉంటే ఈ పని సగం అయిపోతుంది.

సమయం సంగతికి వద్దాం. అసలు దూరం ఇక్కడే ఉంది.

‘1917’ (2019) మొత్తం ఒకే షాట్‌లా నడుస్తుంది. కెమెరా ఎటైనా తిరుగుతుంది కనుక పగటి సీన్లలో లైటు స్టాండు దాచుకోవడానికి చోటే లేదు. దానికి డీకిన్స్ పెట్టుకున్న నియమం ఒక్కటే: మబ్బు ఉంటేనే షూటింగ్. ఎండ వచ్చినప్పుడు రిహార్సల్ చేశారు, మబ్బు పట్టగానే తీశారు. శిథిలమైన ఊళ్లో రాత్రి వేళ ఆకాశంలోకి ఫ్లేర్లు ఎగిరే సీనుకు ముందుగా ఆ ఊరి చిన్న నమూనా చేయించారు. దాని మీద చిన్న చిన్న దీపాలు కదిపి, గోడల నీడలు ఎటు సాగుతాయో, ఎంతసేపు నిలుస్తాయో చూసుకున్నారు. అసలు సెట్టులో తీగల మీద నడిచే దీపాలను ఆ లెక్క ప్రకారమే కదిలించారు. దూరంగా తగలబడుతున్న చర్చి ఉన్న చోట నిజానికి దీపాల గోపురం ఒకటి కట్టారు. తర్వాత కంప్యూటర్‌లో దాని మీద మంట వేశారు. అంటే మంట కంటే ముందు మంట వెలుగు తయారైంది.

‘బ్లేడ్ రన్నర్ 2049’కూ అంతే. దర్శకుడు డెనీ విల్నవ్ మాంట్రియల్‌లో అంతకుముందు సినిమా ఎడిటింగులో ఉండగానే డీకిన్స్ అక్కడికి వెళ్లి, స్టోరీబోర్డు చిత్రకారుడితో కలిసి వారాల తరబడి కూర్చున్నారు. సెట్లు కట్టకముందే వాటిలో వెలుతురు ఎలా ఉండాలో నిర్ణయమైంది. ఆ సినిమాలో వాలెస్ అనే పాత్ర కార్యాలయం గోడల మీద సూర్యుడు నడుస్తున్నట్టు వెలుగు కదులుతుంది కదా, పైన దీపాలను వలయాలుగా పేర్చి ఒకదాని తర్వాత ఒకటి వెలిగి ఆరేలా చేసినందువల్ల వచ్చింది అది. ఆ సినిమాకు 2018లో, తన 14వ నామినేషన్‌కు, ఆయన తొలి ఆస్కార్ అందుకున్నారు. రెండోది ‘1917’కు 2020లో వచ్చింది.

ఇక్కడ ఎక్కువ సినిమాల్లో కెమెరామన్ లొకేషన్‌ను ఎప్పుడు చూస్తాడు? ఓసారి రెక్కీకి వెళ్లి ఫోనులో ఫొటోలు తీసుకుని వస్తాడు. తర్వాత షూటింగ్ నాడు పొద్దున చూస్తాడు. సీను పేపరు ఆ పొద్దునే చేతికి వచ్చే సందర్భాలూ ఉంటాయి. హీరో కాల్షీటు మధ్యాహ్నం రెండింటికి అయిపోతుందంటే, ఎండ నడినెత్తిన ఉన్నా ఆ సీను అప్పుడే తీయాలి. ఆలోచన లేని పని అని దీన్ని కొట్టిపారేయలేం. ఈ తొందరలోనూ మన యూనిట్లు చూపే చురుకు అసాధారణం. అరగంటలో సెట్టు మొత్తం తిప్పేసే లైట్‌మెన్ మనకు ఉన్నారు. కానీ ఆ చురుకు అంతా చివరి నిమిషపు లోటు పూడ్చడానికే ఖర్చవుతోంది.

ముందుగా లెక్క వేసుకోవడం మన సంప్రదాయంలో లేనిదేమీ కాదు. ‘మాయాబజార్’ దర్శకుడు కె.వి. రెడ్డి ప్రతి సీనునూ స్టాప్‌వాచ్ పట్టుకుని ముందే కొలుచుకునేవారు. సహాయకుడిగా ఉన్న సింగీతం శ్రీనివాసరావు ఈ సంగతి చెబుతూ వచ్చారు. కాగితం మీద సినిమా పూర్తయ్యాకే కెమెరా కదిలేది. ఘటోత్కచుడి నోట్లోకి లడ్లు వాటంతట అవే వెళ్లడం ఆ ముందస్తు లెక్క లేకుండా సాధ్యం కాదు. మన కాలంలో దర్శకుడు రాజమౌళి, ఛాయాగ్రాహకుడు కె.కె. సెంథిల్ కుమార్ జంట దగ్గర ఆ అలవాటు మళ్లీ కనిపిస్తుంది. ‘ఈగ’ (2012)కైనా ‘బాహుబలి’కైనా షాట్లు బొమ్మలుగా గీసుకుని, కంప్యూటర్‌లో ముందే చూసుకుని సెట్టుకు వెళ్లారు. ఈ పద్ధతి పెద్ద బడ్జెట్‌కే చెల్లుతుందని అనుకోవడం పొరపాటు. పెన్సిలుకు ఖరీదు లేదు. చిన్న సినిమాకే ముందు ఆలోచన మరింత అవసరం, ఎందుకంటే ఒక షూటింగ్ రోజు వృథా అయితే దానికి తట్టుకునే శక్తి లేదు.

డీకిన్స్ సామాను జాబితా చూస్తే కూడా ఇదే తోస్తుంది. ఆయన పేరుతో చెప్పుకునే ఒక పద్ధతి ఉంది. తెల్లటి మస్లిన్ గుడ్డను గోడలా, వంపుగా వేలాడదీసి, దీపాలను దాని మీదికి తిప్పి, తిరిగొచ్చే మెత్తటి వెలుగును ముఖం మీద పడనిస్తారు. మామూలు ఇంటి బల్బులను చక్రంలా బిగించి వాడిన సందర్భాలూ ఉన్నాయి. ఈ సూత్రం మన దేశానికి కొత్తది కానే కాదు. సత్యజిత్ రే ‘అపరాజితో’ (1956)లో కాశీలోని ఇంటి లోగిలిని స్టూడియోలో కట్టినప్పుడు, పైన గుడ్డ పరిచి, దీపాల వెలుగును దాని మీద కొట్టి కిందికి దించింది ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర. అప్పుడు డీకిన్స్‌కు ఏడేళ్లు. మన యూనిట్లలో రోజూ వాడే థర్మోకోల్ అట్ట చేసేదీ అదే పని. మస్లిన్ మనదే, ఆలోచన కూడా ముందు మనకే వచ్చింది.

అయినా ఆయన పద్ధతిని ఉన్నదున్నట్టు తెచ్చుకుంటే పనికిరాదు. ఇంగ్లండ్ ఆకాశం ఏడాదిలో చాలా రోజులు మబ్బు పట్టి ఉంటుంది, వెలుగు అన్నివైపుల నుంచీ సమంగా దిగుతుంది. గోదావరి గట్టున ఏప్రిల్ మధ్యాహ్నం మబ్బు కోసం కూర్చుంటే ఆ షెడ్యూలు ముగియదు. నడినెత్తి సూర్యుడు కళ్లగుంతల్లో నల్లటి నీడలు వేస్తాడు. దానికి ఎండను మెత్తబరిచే పెద్ద గుడ్డ, స్కిమ్మర్, కట్టడమో, ఆ సీనును అరుగు మీదికో చెట్టు కిందికో మార్చడమో చేయాలి. తెల్లవారుజామున ఒక గంటా, పొద్దుగూకే ముందు ఒక గంటా మనకు దొరికే వెలుతురు మాత్రం ఇంగ్లండ్‌లో దొరకదు. ‘గరమ్ హవా’ ఛాయాగ్రాహకుడు ఈషాన్ ఆర్య దర్శకుడు బాపు దగ్గరికి వచ్చి ‘ముత్యాలముగ్గు’ (1975) తీసినప్పుడు ఈ నేల వెలుతురును అర్థం చేసుకున్నారు. జాతీయ పురస్కారం ఆ పనికే వచ్చింది. ‘శంకరాభరణం’ (1980)లో బాలు మహేంద్ర ఇళ్లలోకి వచ్చే సహజమైన వెలుగును నమ్ముకున్నారు. డీకిన్స్ నుంచి మనం తీసుకోవాల్సింది ఆయన వెలుతురు కాదు, ఆయన వేసుకునే ప్రశ్న. జవాబు మన ఊరి ఎండలోనే వెతుక్కోవాలి.

రంగుల విషయంలోనూ ఒక మాట చెప్పుకోవాలి. కోయెన్ సోదరుల ‘ఓ బ్రదర్, వేర్ ఆర్ట్ దౌ?’ (2000)ను మిసిసిపీలో నిండు వేసవి పచ్చదనం మధ్య తీశారు. కథకు కావలసింది మాత్రం పాతకాలపు పోస్టుకార్డులా ఎండిన పసుపు. డీకిన్స్ ముందు రసాయన పద్ధతులన్నీ ప్రయత్నించి చూశారు, కుదరలేదు. అప్పుడు ఫిల్మ్ మొత్తాన్ని స్కాన్ చేసి కంప్యూటర్‌లో రంగు మార్చారు. హాలీవుడ్ సినిమా ఒకటి ఆసాంతం అలా తయారవడం అదే మొదలు అంటారు. మనం ఇవాళ ‘డీఐ’ అని పిలిచే పనికి అది దారి వేసింది. గ్రేడింగ్ గదిలో డీకిన్స్ వారాల తరబడి స్వయంగా కూర్చుంటారు. మన దగ్గర విడుదల తేదీ ముందే ప్రకటించేస్తారు. గ్రాఫిక్స్ షాట్లు చివరి రోజుల్లో వస్తాయి. కెమెరామన్ అప్పటికే వేరే సినిమా షూటింగులో ఉంటాడు. కలరిస్టు ఒక్కడే రాత్రింబవళ్లు కూర్చుని ముగిస్తాడు. పరిష్కారం కష్టమైంది కూడా కాదు. కెమెరామన్ ఒప్పందంలో గ్రేడింగ్ రోజులను షూటింగ్ రోజుల్లాగే లెక్కగట్టి, వాటికీ పారితోషికం రాయాలి.

ఇప్పుడు రాసిపెట్టుకోవడం గురించి. అమెరికాలో ఛాయాగ్రాహకుల సంఘం 1919లో పుట్టింది. మరుసటి ఏడాదే వాళ్ల పత్రిక ‘అమెరికన్ సినిమాటోగ్రాఫర్’ మొదలైంది. నూరేళ్లు దాటాక కూడా అది వస్తూనే ఉంది. ఒక సినిమా ఎలా తీశారో ఆ కెమెరామన్ చేతే చెప్పించి, వాడిన దీపాలు, లెన్సులు, పటాలతో సహా అచ్చువేస్తుంది. పాత సంచికలు తిరగేస్తే, ఒక తరం చేసిన ప్రయోగం తర్వాతి తరానికి పాఠంగా ఎలా మారుతుందో తెలుస్తుంది. డీకిన్స్ వెబ్‌సైట్ ఆకాశం నుంచి ఊడిపడలేదు. చెప్పడం, రాయడం మర్యాదగా భావించే వాతావరణంలో ఆయన పెరిగారు.

మనకు విద్య గురుశిష్య పద్ధతిలో నడిచింది. సహాయకుడిగా చేరి, కెమెరా పెట్టె మోసి, ఫోకస్ లాగి, ఏళ్ల తర్వాత స్వతంత్రంగా సినిమా చేయడం. ఈ పద్ధతి నాకు చిన్నదిగా కనబడదు. చేతికి వచ్చే ఒడుపును ఏ బడీ ఇంత బాగా నేర్పలేదు. దీని లోపం ఒక్కటే, గురువు పోతే ఆయన చెప్పకుండా మిగిలినదంతా ఆయనతోనే పోతుంది. సుబ్రత మిత్ర చివరి రోజుల్లో కలకత్తాలోని సత్యజిత్ రే సంస్థలో పాఠం చెప్పారు. బాలు మహేంద్ర చెన్నైలో సొంత బడి పెట్టుకున్నారు. ఆ దారి వేసిన పెద్దలు మనకూ ఉన్నారు. దాన్ని తెలుగులో, కాగితం మీద కొనసాగించడమే మిగిలింది.

మొదలుపెట్టడానికి పెద్ద సంస్థ అక్కర్లేదు. హైదరాబాద్‌లో ఇప్పుడు అన్నపూర్ణ స్టూడియోస్ వాళ్ల ఫిల్మ్ కళాశాల ఉంది, జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ విశ్వవిద్యాలయంలో ఫొటోగ్రఫీ కోర్సు ఉంది. ఈ చోట్ల చదివే ఒక్కో విద్యార్థికీ ఒక్కో తెలుగు సినిమాలోని ఒక్కో సీను అప్పగించవచ్చు. ఆ సీనులో నీడలు ఎటు పడ్డాయి, కనుపాపలో ఏ దీపం మెరుస్తోంది, వెనక గోడ మీద వెలుగు ఎక్కడ తెగిపోయింది అని చూసి ముందు తానే లైటింగ్ పటం గీయాలి. తర్వాత ఆ యూనిట్‌లో పనిచేసినవాళ్లలో దొరికినవాళ్ల దగ్గరికి పటం పట్టుకుని వెళ్లి సరిచేయించుకోవాలి. 1980లు, 90ల సినిమాల గాఫర్లు, లైట్‌మెన్, కెమెరా సహాయకులు హైదరాబాద్ కృష్ణానగర్‌లోనూ చెన్నై వడపళనిలోనూ ఇంకా ఉన్నారు. వాళ్ల పేర్లు చాలా టైటిల్స్‌లో పడనేలేదు. కెమెరామన్ ‘అక్కడ’ అని చెయ్యి చూపిస్తే ఆ ‘అక్కడ’ ఎన్ని అడుగుల ఎత్తో, దీపానికి ముందు ఏ గుడ్డ వేశారో గుర్తున్నది వాళ్లకే. ‘గీతాంజలి’ (1989)లో పి.సి. శ్రీరామ్ ఊటీ పొగమంచులో పెట్టిన బ్యాక్‌లైట్‌తో ఈ పని మొదలుపెట్టవచ్చు. ఆ సినిమా చాలామందికి ఇష్టం కనుక అడిగితే ఉత్సాహంగా చెబుతారు. ఒక తరగతి నుంచి ఏడాదికి ఇరవై పటాలు వచ్చినా, ఐదేళ్లలో వంద సీన్ల పుస్తకం తయారవుతుంది. పక్కనే ఫిల్టర్ల, లెన్సుల వివరాలు తెలుగులో రాసి అచ్చువేస్తే, భీమవరంలోనో వరంగల్‌లోనో ఫోనుతో షార్ట్ ఫిల్మ్ తీస్తున్న కుర్రాడికీ అమ్మాయికీ కూడా అది అందుతుంది.